జాగురాయి కోసే పెద్దమ్మ

“...ముందు పుట్టినంత మాత్రాన పెద్దదానివైపోతావా? మోకాళ్ల నొప్పులున్నాయా, కళ్లజోడుందా? ఏం చూసుకుని ఆ పెద్దరికం?”

“నీకు నడక నేర్పింది నేనేనే. నోరు మూసుకుని మందు మింగు.”

“నోరు మూసుకుంటే ఎలా మింగుతారో అది కూడా నువ్వే నేర్పు. ముందు నా జుట్టు చూసి మాట్లాడు.”

“నీ జుట్టు నెరిస్తే నేనేం చెయ్యను? నేను నెరిపించానా?”

“సగం నీవల్లే నెరిసింది.”

పక్క వాటాలో కొత్తగా దిగిన ఇల్లాలు గోడ మీదుగా తొంగిచూసింది. మెట్ల మీద ఒక ముసలావిడ పెదాలు బిగించుకుని కూర్చుని ఉంది. ఆమె ముందు నల్లటి జుట్టు, గట్టి భుజాలున్న మనిషి చెంచాతో మందు పట్టుకుని నిలబడింది. ముప్ఫై అయిదు దాటినట్టు కనపడదు. నడక నేర్పానన్నది ఆ గొంతే.

“కన్నతల్లితో అలా మాట్లాడకూడదమ్మా,” అంది కొత్త ఇల్లాలు, ఊరుకోలేక.

ముసలావిడ నవ్వబోయి దగ్గింది. దగ్గు ఆగాక, “తల్లిని కాదమ్మా, చెల్లెల్ని,” అంది. “అది నాకంటే రెండేళ్లు పెద్దది. ఆ మొహం చూసి మోసపోకండి.”

నవ్వేటప్పుడు నోరు తెరుచుకుంది కదా, చెంచా ఆ సందులో వెళ్లిపోయింది.

ఆ వీధిలో పాతవాళ్లెవరికీ ఇది వింత కాదు. చెల్లెలి కొడుకు పిలుపునే అందరూ పట్టుకుని ఆమెను పెద్దమ్మ అనేవారు. డెబ్భై ఏళ్ల కుమ్మరి కూడా అలాగే పిలిచేవాడు. పెద్దమ్మ జాగురాయి కోసే మనిషి.

జాగురాయి కొండ లోపలి పొరల్లో దొరుకుతుంది. చూడ్డానికి ఏమీ ఉండదు. బూడిద రంగు, అక్కడక్కడ గరుకు. తడిపితే మాత్రం లోపలెక్కడో లేత పసుపు వెలుగు కనిపిస్తుంది, తలుపు వేసిన గదిలో దీపం ఉన్నట్టు. దాని దగ్గర కాలం జాగు చేస్తుంది. గోరంత ముక్క బుట్టలో వేస్తే పొద్దున పట్టిన చేప మొప్పలు సాయంత్రానికీ ఎర్రగానే ఉంటాయి. మంత్రసాని సంచిలో ఒక ముక్క ఉంటుంది. గాయం పక్కన కడితే రక్తం తీరిగ్గా కారుతుంది, ఈలోగా మనిషిని వైద్యుడి దగ్గరికి చేర్చవచ్చు. ఎంత పెద్ద రాయైతే అంత దూరం, అంత జాగు. అందుకే కొండ నుంచి వచ్చిన రాళ్లను ఊరి చివర మందపాటి గోడల గదిలో పెట్టి, అక్కడే కోసి ముక్కలు చేస్తారు. దాన్ని సానగది అంటారు. అందులో ఒక పూట పనిచేసి వస్తే బయట వారం గడిచిపోయి ఉంటుంది.

పదిహేనేళ్లప్పుడు వాళ్లమ్మ ఆమెను అక్కడ పనిలో పెట్టింది. వేళ్లు సన్నగా ఉన్నాయనీ, కుదురుగా కూర్చుంటుందనీ మేస్త్రీ తీసుకున్నాడు. మొదటి పాఠం గడప దాటడం. కుడికాలా ఎడమకాలా అన్న పట్టింపు లేదు, రెండూ కలిపి ఒక్క దూకు దూకాలి. ఒక కాలు లోపలా ఒకటి బయటా పెట్టి నిలబడితే లోపలి కాలికి నెత్తురు ఆలస్యంగా చేరి కొయ్యబారిపోతుంది. ఆమె గట్టిగా కళ్లు మూసుకుని దూకింది. తెరిచేసరికి పైనుంచి నీళ్లు పడుతున్నాయి.

ఆ నీటిని ఆమె జీవితమంతా చూసింది, అయినా అలవాటు పడలేదు. కోతకు ఇనుపతీగె, ఇసుక, నీళ్లు కావాలి. పైన కుండలోంచి చుక్క మామూలుగానే బయలుదేరేది. రాయి దగ్గరపడేకొద్దీ ఏదో గుర్తొచ్చినట్టు తటపటాయించేది. జానెడు ఎత్తులో దాదాపు నిలబడిపోయి, తనలో తాను గుండ్రంగా తిరిగి, కిటికీని, తీగెను, ఆమె ముక్కును తనలో తలకిందులుగా చూపించి, అప్పుడు దిగేది. రాయిని తాకినచోట కిరీటంలా లేచేది. ఆ లేచినదంతా కిందికి వచ్చేలోగా ఆమె రెండుసార్లు ఊపిరి పీల్చుకునేది. దగ్గరి చుక్క మీద ఒకసారి ఆమె వేలు పెట్టింది. చుక్క ఆమె వేలిని తొందరేమీ లేకుండా చుట్టుకుంది.

ఆ గదికి ఒకటే కిటికీ, ఇనుప చువ్వలది. దానిలోంచి పడే ఎండ పలక, పిల్లి గదిని దాటినట్టు, నేల మీద ఈ గోడ నుంచి ఆ గోడకు నడిచి వెళ్లేది. ఆ వెంటనే చీకటి, మళ్లీ పిల్లి. వీధిలో మనుషులు కనిపించేవారు కాదు, వాళ్లు పోయిన జాడలు కనిపించేవి. ఎదురింటి తీగ గోడెక్కుతుంటే ఆ ఎక్కడం కనపడేది. అది ముందుకు ఒక కొస చాచి, అటూ ఇటూ తడిమి, పట్టు దొరికాక ఒళ్లంతా లాక్కునేది.

మొదటి రోజు ఆమె పొద్దున చెల్లెలితో పోట్లాడి పనికి వెళ్లింది, దువ్వెన కోసం. ఇంటికి వచ్చేసరికి చెల్లెలు ఎదురొచ్చి చెయ్యి పట్టుకుంది. “వారమైంది నిన్ను చూసి!” అంది. పోట్లాట ఎందుకో ఆ పిల్లకు గుర్తులేదు. అక్కకు మాత్రం అది ఇంకా పొద్దుటి కోపమే. చెయ్యి విడిపించుకుని లోపలికి వెళ్లింది. ఆ ఇంట్లో చాలా ఏళ్లపాటు అలాగే జరిగింది. అక్క కోపం వేడిగా ఉండగానే చెల్లెలి కోపం చల్లారేది. చెల్లెలు బెంగపడి బెంగపడి ఊరుకున్నాక, అక్క ఏమీ జరగనట్టు వచ్చి అన్నానికి కూర్చునేది.

మధ్యలో ఒక ఏడాది ఇద్దరూ సరిగ్గా ఒకే వయసువాళ్లయ్యారు. ఒకరి బట్టలు ఒకరికి సరిపోయాయి. దుకాణదారుడు కవలలా అని అడిగాడు. అప్పుడు వాళ్లకు అది నవ్వులాటగా ఉండేది. ఆ తర్వాత చెల్లెలు ముందుకు వెళ్లిపోయింది. పెళ్లయింది, కొడుకు పుట్టాడు, కొన్నేళ్లకు భర్త పోయాడు. పెద్దమ్మ సానగది నుంచి వచ్చిన ప్రతిసారీ ఆ పిల్లాడు వేరే పిల్లాడిలా ఉండేవాడు. ఒకసారి పాకుతూ, ఒకసారి పళ్లు ఊడి, ఒకసారి గొంతు మారి. అందరి ఇళ్లలోనూ ఇలాంటి పెద్దమ్మ ఒకరు ఉంటారనే అతను అనుకుని పెరిగాడు.

పెద్దమ్మ కోసం కూడా ఒకరు ఆగారు. తాళాలు బాగుచేసే అతను. సానగది వాకిట్లో వారానికోసారి ఆమె కోసం నిలబడేవాడు. ఆమె లెక్కలో అది రోజూ కలుసుకోవడమే, కనుక ఆమెకు తొందర లేకపోయింది. అతని లెక్కలో ఓపిక అయిపోయింది. ఒక సాయంత్రం వాకిట్లో ఎవరూ లేరు. “పోనీలే, మంచివాడు,” అని మాత్రం అంది.

ఆమె మనసులో నిలిచిపోయింది వేరే సంగతి. అమ్మకు ఉన్నట్టుండి ప్రాణం మీదికి వచ్చినప్పుడు చెల్లెలు సానగదికి పరుగెత్తింది. బయటి కేక లోపలికి దోమ రొదలా వినిపిస్తుంది, కేక అని ఎవరూ పోల్చుకోలేరు. అందుకని కిటికీ దగ్గర ఒక ఎర్రగుడ్డ ఉంచేవారు. దాన్ని చువ్వకు కట్టేసి వెళ్లిపోవాలి. కట్టిన గుడ్డ అలా ఉండిపోతుంది, లోపలివాళ్లకు కనిపిస్తుంది. చెల్లెలు ఆ కంగారులో గుడ్డ కట్టలేదు, ఊపింది. రేవులో పడవవాడికి ఊపినట్టు రెండు చేతులతో, భుజాలు పడిపోయేదాకా ఊపి, చూసే ఉంటుందిలే అనుకుని అమ్మ దగ్గరికి పరుగెత్తింది. లోపల పెద్దమ్మకు కిటికీలో ఏదో ఎర్రగా తళుక్కుమంది. పిట్ట అనుకుంది. అప్పుడు కోత సగంలో ఉంది. సగంలో తీగె ఆపితే రాయి చచ్చిపోతుంది, మామూలు గులకరాయి అయిపోతుంది. కోత ముగించి, చేతులు కడుక్కుని, బయటికి దూకింది. ఇంటికి వచ్చేసరికి అమ్మ మంచం ఖాళీగా ఉంది, దాని మీది పరుపు ఎండలో వేసి తీసేశారు కూడా.

“నువ్వు ఎందుకు కట్టలేదే?” అని అక్క అడగలేదు. “నువ్వు ఎందుకు చూడలేదు?” అని చెల్లెలు అడగలేదు. మిగిలిన విషయాలన్నిటి గురించీ పోట్లాడుకున్నారు.

తర్వాత పెద్ద రాయి వచ్చింది.

అది గున్న ఏనుగంత ఉంది. అంత రాయి కొండలో దొరుకుతుందని ఎవరూ అనుకోలేదు. దాన్ని తేవడమే పెద్ద కథ. చాంతాడులాంటి తాళ్లు ఒకదానికొకటి ముడేసి, ఎడ్లను ఎక్కడో ముందు కట్టి, బండిని లాగించారు. రాయి పక్కనున్న చక్రం ఒక్కసారి తిరగడానికి పొద్దు గడిచిపోయేది. దారిలో ఊళ్లవాళ్లు ఇవాళ బండి ఎక్కడికొచ్చిందని చూడ్డానికి పొలాల నుంచి వచ్చేవారు. బండి మీద, రాయికి ఆనుకుని, బండివాడు కూర్చుని ఉన్నాడు. వంతెన దగ్గర అతను ఆవులించి నిద్రలోకి జారాడు. పిండిమర దగ్గరికి వచ్చేసరికి కళ్లు తెరిచాడు. ఈ మధ్యలో కోతలయిపోయి, మళ్లీ నాట్లు పడ్డాయి. సానగది ఆవరణలో దిగి ఒళ్లు విరుచుకుని, “ఈ ఏడు వానలెలా ఉన్నాయి?” అని అడిగాడు. ఏ ఏడని అతన్ని ఎవరూ అడగలేదు. కూర్చోబెట్టి మంచినీళ్లిచ్చారు.

చెల్లెలి కొడుకు ఇప్పుడు అక్కడే మేస్త్రీ. పక్కింటివాళ్లు విన్న ఆ మందు పోట్లాట అయిన సాయంత్రం అతను వచ్చి అక్కాచెల్లెళ్ల మధ్య కూర్చున్నాడు. చెవుల దగ్గర తెల్లవెంట్రుకలు, కాస్త బొజ్జ. చూసేవాళ్లకు పెద్దమ్మ అతని చెల్లెలిలా ఉంటుంది.

“పెద్దమ్మా, ఆ రాయి సంగతి మళ్లీ అడుగుతున్నారు. ఆసుపత్రికి అందులోంచి ఒక పలక కావాలి, మంచమంత. జ్వరం ముదిరిన పిల్లల్ని దాని మీద పడుకోబెడితే, పై ఊరి నుంచి మందు వచ్చేదాకా ప్రాణం నిలబడుతుంది.”

“వేరేవాళ్లు లేరా?”

“ఒకడికి చెయ్యి వణుకుతోంది. ఇద్దరు పసిపిల్లల తల్లులు. వాళ్లనెలా వెళ్లమంటాను? లోపల పది రోజుల పని అది. బయట...” అతను ఆగి తల్లివైపు చూశాడు. “పదిహేనేళ్లు.”

చెల్లెలు కూర తరుగుతోంది. కత్తి ఆగలేదు.

“నేను కొయ్యను,” అంది పెద్దమ్మ. “ఒకసారి కోత ముగించి వచ్చి ఖాళీ మంచం చూశాను. చాలు. దీనికి ఊపిరి సరిగా ఆడటం లేదు. పది రోజులు పని చేసి వచ్చి ఎవరితో పోట్లాడను?”

“నా మీద పెట్టకు,” అంది చెల్లెలు. “నేను రేపే పోతానా ఏం? ఎలాగూ నా మనవరాలి పెళ్లికి నువ్వుంటావు, నేనుండను. అక్షింతలు నా వాటావి కూడా నువ్వే వెయ్యి.”

“ఎందుకే ఆ మాటలు?”

“నువ్వు కోస్తే కొయ్యి, మానితే మాను. నన్ను సాకు చెయ్యకు.” కూరముక్కలు గిన్నెలోకి తోసింది. తర్వాత, తల ఎత్తకుండా, “అయినా ఏముందా రాయిలో? ఒక్కసారి చూపించు,” అంది.

ఇన్నేళ్లలో ఆమె సానగది గడప తొక్కలేదు. ఎర్రగుడ్డ తర్వాత ఆ వీధిలోంచి కూడా నడిచేది కాదు.

మర్నాడు పొద్దున ఇద్దరూ వెళ్లారు. రాయి సానగది తలుపులో పట్టదు కనుక ఆవరణలోనే ఉంచి, చుట్టూ చాలా దూరంలో తాడు కట్టారు. కోసేవాళ్లు ఒప్పుకుంటే దాని చుట్టూ కొత్త గది కట్టాలని అనుకుంటున్నారు. “అమ్మా, తాడు దాటకు,” అని మేస్త్రీ రెండుసార్లు చెప్పాడు.

తాడు బయట నేల ఎండకు నెర్రెలు విచ్చి ఉంది. రాయిని ఆనుకుని గడ్డి లేతగా, తడిగా నిలబడి ఉంది. అది కిందటి వానాకాలపు గడ్డి. రాయి అంచున ఆ వానదే ఒక చుక్క వేలాడుతోంది, కింద పడాలా వద్దా అని ఇంకా ఆలోచిస్తున్నట్టు. ఒక ఆకు, ఎప్పుడు కొమ్మ విడిచిందో, మనిషెత్తులో గాలిలో ఉంది. ఒక తూనీగ రాయి వైపు వెళ్తోంది. మొదట దాని రెక్కలు కనిపించలేదు, తర్వాత కనిపించాయి, తర్వాత ఒక్కో రెక్క లేచి వాలడం, రెక్క మీది గీతలు, గీతల్లో ఎండ రంగులుగా విడిపోవడం కనిపించాయి.

చెల్లెలు నోటి మీద చెయ్యి పెట్టుకుంది. తర్వాత అక్క చెయ్యి పట్టుకుంది.

“దూకలేను. మోకాళ్లు.”

“నేను ఎత్తుకుంటాలే.”

“అమ్మా!” అన్నాడు మేస్త్రీ. అప్పటికే పెద్దమ్మ చెల్లెల్ని చంకనేసుకుని తాడు దాటింది.

మేస్త్రీ అరుపు సన్నబడి, దోమ రొదై, ఆగిపోయింది. ఆవరణలో మనుషులు కరిగిపోయి, వాళ్లు నడిచే దారులు మాత్రం పొగలా మిగిలాయి. నీడలన్నీ ఒక్కసారి కదిలి, నేల మీద విసనకర్రల్లా తిరిగాయి. సూర్యుడు తలమీదుగా ఒక వంపు గీసి దిగిపోయాడు. చీకటి పడిందో లేదో నక్షత్రాలు బయటికొచ్చి, అన్నీ కలిసి ఒకే వైపుకు, చప్పుడు లేకుండా, ఎవరో పెద్ద దుప్పటి లాగుతున్నట్టు జరిగిపోయాయి. మళ్లీ ఎండ. మేఘాలు పాలు పొంగినట్టు పొంగి విరిగిపోయాయి. ఇదంతా జరుగుతుండగా ఆ ఆకు వాళ్ల పక్కన, మామూలు ఆకులాగే, ఊగుతూ వచ్చి గడ్డి మీద పడింది.

చెల్లెలు రాయి మీద అరచెయ్యి ఆనించింది. వెచ్చగా ఉంది.

తాడు దగ్గర ఆమె కొడుకు కనిపించాడు. కదిలితే మాయమవుతున్నాడు, కదలకుండా నిలబడితేనే కనిపిస్తున్నాడు. ఎక్కువసేపు కనిపించాడు. ఒకసారి తెల్లచొక్కాలో, ఒకసారి నీలిచొక్కాలో, ఒకసారి నేల మీద కూర్చుని.

“అదుగో, నీ పిచ్చి కొడుకు,” అంది పెద్దమ్మ. “పద, పోదాం.”

“ఇన్నాళ్లూ నువ్వు చూస్తున్నది ఇదా?”

“ఇంత పెద్దగా కాదు. కొంచెం కొంచెం.”

“చీకటి గదిలో తల వంచుకుని కూర్చుంటావనుకున్నాను. ఒక్కసారైనా చెప్పలేదేం?”

“చెప్పాను. నువ్వు కూర తరుగుతూ ‘ఊఁ’ అన్నావు.”

చెల్లెలు మళ్లీ పైకి చూసింది. రెండోసారి చీకటి పడుతోంది. పడమట ఎరుపు ఒక్క క్షణం మండి ఆరింది. నక్షత్రాల దుప్పటి కదలడం మొదలయ్యేదాకా ఆగి, “ఇప్పుడు ఎత్తుకో,” అంది.

తాడు బయటికి వచ్చేసరికి మధ్యాహ్నపు ఎండ. మేస్త్రీ గడ్డం పెరిగి, కళ్లు ఎర్రబడి ఉన్నాడు.

“మూడు రోజులు! మూడు రోజులమ్మా! మీకిదేమన్నా సంతనుకున్నారా, చూసి రావడానికి? పెద్దమ్మా, నీకైనా తెలియక్కర్లేదా?”

“అరవకురా, చెవులు ఇప్పుడే తెరుచుకుంటున్నాయి,” అంది పెద్దమ్మ.

అతను తల్లిని పట్టుకుని గోడ నీడలో కూర్చోబెట్టి, నీళ్లు తాగించి, ఊపిరి ఎలా ఉందో చూశాడు. దగ్గు లేదు. ఆమె చూపు మాత్రం ఇంకా రాయి మీదే ఉంది. అక్కడ తూనీగ అప్పుడే రాయి మీద వాలుతూ, కాళ్లు ఒక్కొక్కటే చాస్తోంది.

కాస్త కుదుటపడ్డాక మేస్త్రీ, “సరే, ఇక మాట తేల్చేస్తాను,” అన్నాడు. “నిన్న ఆసుపత్రివాళ్లు మళ్లీ మనిషిని పంపారు. మా పెద్దమ్మ కొయ్యదని చెప్పేస్తున్నాను. కొండకు అవతల వైపు ఇంకో సానగది ఉంది, వాళ్లు తీసుకుంటామంటున్నారు. అక్కడికి చేరేసరికి ఎన్నేళ్లవుతుందో, అప్పటికి కోసేవాళ్లెవరుంటారో, అది వాళ్ల సంగతి.”

“చెప్పెయ్,” అంది పెద్దమ్మ. రాయి వైపు వీపు పెట్టి నిలబడింది. తీగె పట్టి గట్టిపడిన వేళ్లు ఒకదాన్నొకటి రుద్దుకుంటున్నాయి.

మేస్త్రీ లేచాడు.

“ఆగరా,” అంది చెల్లెలు. “రాయి చుట్టూ గది కడతామన్నారే, ఎంత పెద్దది కడతారు?”

“ఏ గదమ్మా? కొయ్యనంటుంటే ఇంకా గదేంటి?”

“కోస్తుంది. రెండు మంచాలు పట్టేలా కట్టండి. నేను మీ పెద్దమ్మతో లోపలికి వెళ్తున్నాను.”